తేనె రంగు జుట్టు

భర్త గోపీని శ్రీ సిటీ ఫ్యాక్టరీకి తీసుకుపోయే కంపెనీ బస్సు తెల్లవారకముందే వచ్చేస్తుంది. అతన్ని పంపించి, ఇంకో గ్లాసు కాఫీ కలుపుకుని, ఉదయలక్ష్మి మేడ మీద వరండాలో కూర్చుంది. కింద అత్త నాగరత్నమ్మ వాకిలి చిమ్ముతోంది. కాసేపటికి పార్లరు షట్టరు ఎత్తిన చప్పుడు వినిపించింది. ఎత్తింది ఆడబిడ్డ ప్రసన్నకుమారి. మూడేళ్ళుగా ఆ చప్పుడు చెవిన పడితే చాలు, ఉదయలక్ష్మికి నోట్లో ఉన్న కాఫీ చేదెక్కుతుంది.

తిరుపతి కొర్లగుంటలోని ఆ ఇల్లు నాగరత్నమ్మది. భర్త పోయాక ప్రసన్న చిన్నబిడ్డ చంద్రికను తీసుకుని పుట్టింటికి వచ్చేసింది. కింద ముందుగదిలో పార్లరు పెట్టుకుని, వెనక గదుల్లో తల్లితో పాటు ఉంటోంది. తమ్ముడు గోపీకి పెళ్ళయి ఉదయలక్ష్మి కాపురానికి వచ్చినప్పుడు పై అంతస్తు వాళ్ళకిచ్చారు. ఉదయలక్ష్మిది నగరి. తండ్రి గంగులప్ప మగ్గాలకు వెళ్ళే నూలును బ్లీచింగు చేసి రంగులు అద్దేవాడు. ఆమె పెళ్ళికి ముందే బ్యూటీషియన్ కోర్సు చేసింది కాబట్టి వదిన పార్లరులోనే పనిలో దిగింది. ప్రసన్నది మాట, ఉదయలక్ష్మిది చెయ్యి అని వచ్చేవాళ్ళు చెప్పుకునేవాళ్ళు. చంద్రిక అప్పుడు బడికి వెళ్ళే పిల్ల. రోజూ పొద్దున్నే మెట్లెక్కి వచ్చి తన అత్త ఉదయలక్ష్మి ముందు కూర్చుని రెండు జడలు వేయించుకుని పోయేది.

అదంతా మూడేళ్ళ కిందట రుహీ విషయం జరగక ముందు.

రుహీ తల్లి దిల్షాద్ బీ అదే వీధి చివర జాకెట్లు కుడుతుంది. అక్క పెళ్ళికి జుట్టు రాగి రంగులోకి మార్చుకోవాలని రుహీ పార్లరుకు వచ్చింది. ఆ అమ్మాయిది దళసరి జుట్టు. ఎన్నడూ రంగు తగలని జుట్టు, నీళ్ళు పోస్తే తడవకుండా పైపైనే జారిపోయే జుట్టు. ఇట్లాంటి వెంట్రుక గట్టిగా మూసుకుని ఉంటుంది వదినా, బ్లీచ్ లోపలికి దిగాలంటే మెల్లగా, రెండు మూడు సార్లుగా చెయ్యాలి అని ఉదయలక్ష్మి చెప్పింది. ప్రసన్న వినలేదు. నలుపు విడవడం లేదని బ్లీచ్‌లో ఇంకా ఘాటైన డెవలపర్ మందు కలిపింది, మాడుకు తగిలేలా పట్టించింది, త్వరగా కావాలని పైన వేడి కూడా పెట్టింది. రుహీ మంట మంట అంటుంటే ఇంకాసేపు ఓర్చుకోమంది. కడిగేసరికి నడినెత్తిన మాడు కాలి బొబ్బలెక్కింది. మంటకు కళ్ళు మూసుకున్న రుహీకి ఆ మందు కలిపి పెట్టింది ఇద్దరిలో ఎవరో తెలియలేదు.

దిల్షాద్ బీ రుహీని పట్టుకుని ఏడుస్తూ వచ్చి వీధిలో నిలబడి, నా బిడ్డకు ఈ పని చేసింది ఎవరని అడిగింది. ప్రసన్న వెనక్కి తిరిగి ఉదయలక్ష్మిని చూపించింది. మా తమ్ముడి పెండ్లాం చేసింది, ఇంక నా షాపులో అడుగు పెట్టనియ్యను అని అందరూ వినేలా చెప్పింది. ఎవరో ఫోనులో తీశారు. ఊరంతా చూసింది. గోపీకి జరిగింది తెలుసు. అక్కకు ఈ పార్లరు తప్ప దిక్కు లేదు, కొన్నాళ్ళు సర్దుకో అన్నాడు. నాగరత్నమ్మ ఏమీ మాట్లాడలేదు.

అవన్నీ ఒక ఎత్తు. ఆ వీడియో చూసి మరుసటి రోజు గంగులప్ప నగరి నుంచి వచ్చాడు. కూతురి ఇంటికి కూడా రాకుండా నేరుగా వీధి చివరికి పోయాడు. ఉదయలక్ష్మి మెట్ల మీద నిలబడి చూసింది. గోళ్ళలో ఇంకా నీలిరంగు పోని ఆ రెండు చేతులు దిల్షాద్ బీ గడప ముందు జోడించి ఉన్నాయి. చేయని తప్పుకు తన నాయన క్షమించమని అడుగుతున్నాడు. ఉదయలక్ష్మి గుండెలో ఆ రోజు గడ్డకట్టినది మళ్ళీ కరగలేదు.

తర్వాత ఆమె తిరుచానూరు రోడ్డులో చిన్న గది తీసుకుని సొంతంగా పని మొదలుపెట్టింది. ఒకే ఇల్లు, ఒకే మెట్లు. ప్రసన్న ఎదురైతే గోడ చూస్తూ నడిచేది. ఇడ్లీ పిండి రుబ్బుతున్నా, బస్సులో కూర్చున్నా ఒకటే ఆలోచన. ఏదో ఒక రోజు ఆమె కూడా ఎవరి ముందో చేతులు జోడించాలి. అది నేను కళ్ళారా చూడాలి.

ఆ పొద్దున కాఫీ పూర్తికాకముందే చంద్రిక మెట్లెక్కి వచ్చింది. వాళ్ళమ్మ మాట్లాడకపోయినా ఆ పిల్ల మాత్రం అత్తను ఎప్పుడూ వదల్లేదు. ఈమధ్యే ఆమెకు నాయుడుపేట సంబంధం కుదిరింది. నిశ్చితార్థం దగ్గర పడింది. తలస్నానం చేసి వచ్చి, తడి జుట్టు ముందుకు వేసుకుని అత్త పక్కన కూర్చుంది.

నిశ్చితార్థానికి జుట్టు తేనె రంగులోకి మార్చుకోవాలని ఉందని, ఆదివారం అమ్మే చేస్తానందని చెప్పింది. నల్ల జుట్టు కాబట్టి ఘాటుది కలిపితేగానీ దిగదని, అంతా ఒకేసారి అయిపోతుందని అమ్మ చెప్పిందట.

"అమ్మ చెప్పింది సరే. నువ్వొకసారి చూసి చెప్పత్తా. నువ్వు సరే అంటే నాకు ధైర్యం" అంది.

ఉదయలక్ష్మి ఆ జుట్టును చేతిలోకి తీసుకుంది. పట్టుపోగు కంటే సన్నం. పోయినేడాది చెన్నైలో ట్రైనింగులో ఉన్నప్పుడు చంద్రిక మందులు పెట్టి జుట్టు సాపు చేయించుకుంది. ఆ తర్వాత రోజూ ఇస్త్రీ చేసినట్టు వేడి కడ్డీ పట్టిస్తోంది. ఒక వెంట్రుకను చివరి నుంచి కుదురు వైపుకు వేళ్ళతో జారిస్తే గరుకుగా తగిలింది. చంద్రిక చేతిలోని దువ్వెనలో చిక్కుకున్న ఎండు వెంట్రుక ఒకటి తీసి పక్కనున్న గ్లాసు నీళ్ళలో వేసింది. మంచి వెంట్రుకైతే కాసేపు తేలుతుంది. అది చూస్తుండగానే నీళ్ళు పీల్చుకుని అడుగుకు దిగిపోయింది.

ఇంక పరీక్ష అక్కర్లేదు. రుహీ జుట్టు మూసిన తలుపైతే ఇది తెరిచిన తలుపు. బ్లీచ్ తగిలిన క్షణమే తాగేస్తుంది. ఘాటుది కలిపి, రుహీకి ఉంచినంతసేపు ఉంచితే కడిగేటప్పుడు జుట్టు చేతిలోకి వచ్చేస్తుంది. వదినకు ఇది తెలియదు. జుట్టు అంటే నలుపు, తెలుపు తప్ప సన్నం, దళసరి చూసే ఓపిక ఆమెకు ఎన్నడూ లేదు.

చంద్రిక గ్లాసు వైపు చూస్తూ, "ఏమన్నా అవుతుందా అత్తా?" అని అడిగింది.

కింద నుంచి ప్రసన్న గొంతు వినిపించింది. ఎవరో కస్టమరుతో నవ్వుతూ మాట్లాడుతోంది. ఆ నవ్వు వినగానే ఉదయలక్ష్మికి నాయన చేతులు కనిపించాయి.

"ఏం కాదులే. బాగుంటాది" అంది.

చంద్రిక ఆమె బుగ్గ గిల్లి, మెట్లు దిగి వెళ్ళిపోయింది. ఉదయలక్ష్మి గ్లాసులో నీళ్ళు తులసి కుండీలో పోయబోయి, ఆగి, తూములో పారబోసింది.

ఆదివారంలోపు ఆమె మనసు మార్చుకోవడానికి సమయం లేక కాదు. ఒకసారి చంద్రికకు ఫోను చేయబోయి పెట్టేసింది. ఇంకోసారి మెట్లు దిగుతుంటే ప్రసన్న కొత్త బ్లీచ్ డబ్బా పట్టుకుని ఎదురుగా వచ్చింది. ఉదయలక్ష్మి ఒక మెట్టు మీద ఆగింది. నిజంగానే నోరు తెరిచింది. ప్రసన్న మొహం పక్కకు తిప్పుకుని, చీర కుచ్చిళ్ళు తగలకుండా దగ్గరికి లాక్కుని లోపలికి పోయింది. ఉదయలక్ష్మి తెరిచిన నోరు మూసుకుంది. ఇంక అంతే అనుకుంది.

ఆదివారం గోపీ మటన్ తెచ్చాడు. ఉదయలక్ష్మి పొయ్యి మీద కూర పెట్టి, కిందికి చెవి వేసి వంటింట్లో నిలబడింది. కుర్చీ జరిపిన చప్పుడు. అమ్మా కూతుళ్ళ మాటలు. తర్వాత చాలాసేపు మౌనం. ఎంతసేపు ఉంచుతోందో ఆమె మనసులోనే లెక్కగట్టుకుంది. చాలు, ఇంక కడిగెయ్యాలి అనిపించిన సమయం దాటిపోయింది. ఆపైన ఇంకా చాలాసేపు గడిచింది. ఆమె కదల్లేదు. తర్వాత నీళ్ళ చప్పుడు మొదలైంది. ఎంతకీ ఆగలేదు. దాని మధ్యలో నాగరత్నమ్మ అయ్యో దేవుడా అని అరిచిన కేక వినిపించింది.

గోపీ పరుగున కిందికి పోయాడు. ఉదయలక్ష్మి పొయ్యి మంట తగ్గించింది. చేతులు కడుక్కుని, కొంగుతో నిదానంగా తుడుచుకుంది. మూడేళ్ళుగా మోస్తున్న బిందె దించినట్టు ఉంది ఆమెకు.

ప్రసన్న పైకి వచ్చింది. మూడేళ్ళలో ఆమె ఆ మెట్లు పూర్తిగా ఎక్కడం అదే మొదటిసారి. చేతులకు తొడుగులు అట్లాగే ఉన్నాయి. పిడికిట్లో ఒక జుట్టు కుచ్చు. పాలిపోయిన పసుపు రంగులో, ఉడికిన సేమియాలా సాగి వేళ్ళకు అంటుకుని ఉంది.

"ఉదయా, ఒకసారి కిందికి రామ్మా."

"నేనెందుకు వదినా? నేను చెయ్యి పెడితే తలలు కాలిపోతాయి కదా."

ప్రసన్న పిడికిలి తెరిచి చూపించింది. మళ్ళీ రమ్మని చేత్తోనే అడిగింది. ఉదయలక్ష్మి కూర మీద మూత సర్ది, గరిటె కడిగి, అప్పుడు బయల్దేరింది.

పార్లరులో చంద్రిక అద్దానికి వీపు పెట్టి కూర్చుంది. అద్దం చూడలేక కుర్చీ తిప్పేసుకుంది. కుదుళ్ళ దగ్గర జుట్టు పసుపుగా, మధ్యలో ఇటుక రంగుగా, చివర్లు గాజులా పారదర్శకంగా ఉన్నాయి. నీళ్ళు కారుతూ తువ్వాలు మీద జిగట పోగుల్లా వాలి ఉంది. ఒకవైపు చెవి వెనక సగం తెగిపోయింది. ఆ పిల్ల ఏడవడం లేదు. వాష్‌బేసిన్‌లో పడిన జుట్టు వైపే చూస్తోంది.

నాగరత్నమ్మ ఏడుస్తూనే అప్పటికే ఒక దారి ఆలోచించింది. రేపు పొద్దున్నే కొండకు పోదాం, తలనీలాలు ఇచ్చేద్దాం, పెళ్ళి కుదిరితే ఇస్తానని మొక్కు ఉండిందని నాయుడుపేట వాళ్ళకు చెబుదాం అంది. స్వామి మొక్కంటే ఎవరూ మాట్లాడరు అంది. ప్రసన్న ఆ మాట గట్టిగా పట్టుకుంది. అట్లే చెబుదామని, ఎవరన్నా అడిగితే ఉదయ కూడా అట్లే చెప్పాలని అంది.

ఉదయలక్ష్మికి నవ్వు వచ్చింది.

"ఆ పొద్దు నన్ను అడ్డం పెట్టుకున్నావు. ఈ పొద్దు స్వామిని అడ్డం పెట్టుకుంటావా వదినా?"

ఉదయలక్ష్మి వాకిలికి ఆనుకుని నిలబడింది. ఇంకా కొంత జుట్టు నిలబెట్టవచ్చని, తన చేతిలో ఆ పని ఉందని, తాను చెయ్యి పెడతానని చెప్పింది. దానికి ముందు ఒక మాట కావాలంది.

"అందరూ ఈడనే ఉండారు. రుహీ తల కాల్చింది ఎవరో చెప్పు."

గోపీ కల్పించుకుని, ఇప్పుడా ఈ మాట, ముందు పిల్ల సంగతి చూడు అన్నాడు. ఉదయలక్ష్మి అతని వైపు తిరగలేదు. మూడేళ్ళుగా నువ్వు చెప్పింది కూడా ఇదే, ఇప్పుడు కాదు, ఇప్పుడు కాదని, అంది. చంద్రిక తల నుంచి నీళ్ళు బొట్లు బొట్లుగా నేల మీద పడుతున్నాయి. ఆలస్యం అయ్యేకొద్దీ ఆ జుట్టు ఇంకా పాడవుతుందని ఉదయలక్ష్మికి తెలుసు. అయినా నిలబడే ఉంది.

ప్రసన్న గోడకు చేరగిలబడింది.

"నేనే" అంది. "నువ్వు మెల్లగా చేద్దామని చెప్పినావు. నేను వినలేదు. ఆ యమ్మ వచ్చి అడిగినప్పుడు భయమేసింది ఉదయా. నా పేరు పోతే షాపు మూతబడతాది, బిడ్డను యాడికి తీసుకుపోయేది అనుకున్నాను. నీకు మొగుడున్నాడు, నువ్వు తట్టుకుంటావు అనుకున్నాను."

గోపీ తల వంచుకున్నాడు.

ఉదయలక్ష్మికి చాల్లేదు. ఇదే మాట దిల్షాద్ బీ గడప ముందు నిలబడి చెప్పాలంది. నగరికి వచ్చి మా నాయన ముందు చెప్పాలంది. ప్రసన్న రెండు చేతులూ జోడించింది. ఎక్కడికైనా వస్తాను, ఏం చెప్పమంటే అది చెప్తాను, ముందు నా బిడ్డను చూడు అని ఏడ్చింది. తొడుగుల మీద నుంచి బ్లీచ్ నీళ్ళు ఆమె మోచేతులకు కారుతున్నాయి.

ఉదయలక్ష్మి కలగన్నది సరిగ్గా ఇదే. కళ్ళారా చూసింది. తనివితీరా చూడాలనుకుంది కూడా. అప్పుడు చంద్రిక మొదటిసారి నోరు విప్పింది.

"అత్తా, ఆ పొద్దు నా వెంట్రుక నీళ్ళలో వేసి చూసినావు. అది మునిగిపోయింది. నేనూ చూసినాను."

చంద్రిక వాష్‌బేసిన్ మీంచి చూపు తిప్పి అత్త వైపు చూసింది.

"అది మునిగితే ఏమని? ఇప్పుడన్నా చెప్పు."

ఉదయలక్ష్మి అబద్ధం వెతుక్కుంది. దొరకలేదు. "జుట్టు నిలవదని" అంది.

"నీకు తెలుసు."

"తెలుసు."

చంద్రిక గొంతు పెంచలేదు. "మా అమ్మ తెలీక చేసింది. నువ్వు తెలిసీ చేసినావు" అంది.

గోపీ తలెత్తి భార్య వైపు చూశాడు. ప్రసన్న కూడా చూసింది. తిడుతుందని ఉదయలక్ష్మి ఎదురు చూసింది. తిడితే బాగుండునని కూడా అనిపించింది. ప్రసన్న తిట్టలేదు. తొడుగులు ఊడదీసి, కత్తెర తెచ్చి ఆమె చేతిలో పెట్టి, వెనక గదిలోకి వెళ్ళి తలుపు వేసుకుంది.

ఉదయలక్ష్మి పనిలో దిగింది. చల్లటి నీళ్ళతో మళ్ళీ మళ్ళీ కడిగింది. దువ్వెన పెట్టకుండా వేళ్ళతోనే చిక్కులు విప్పింది. కండిషనరు పట్టించి, సాగినంత మేర కత్తిరించింది. చిన్నప్పుడు రెండు జడలు వేసిన తల అది. ఎక్కడ సుడి ఉందో, చెవి వెనక ఎక్కడ పుట్టుమచ్చ ఉందో చేతులకు తెలుసు. చంద్రిక చివరిదాకా కళ్ళు మూసుకునే కూర్చుంది. చెవుల దాకా జుట్టు మిగిలింది.

పైకి వచ్చాక గోపీ భార్యతో, నిన్ను తప్పు పట్టడానికి నాకు నోరు లేదన్నాడు. ఆ పొద్దు నేను నోరు తెరిచి ఉంటే ఇంతదాకా వచ్చేదే కాదు అన్నాడు. కూర అడుగంటిపోయింది. ఇద్దరూ తినలేదు.

మరుసటి రోజు ఆమె తిరుచానూరు రోడ్డు గది తెరవకుండా నగరి బస్సెక్కింది. గంగులప్పకు వయసు మీద పడి ఇప్పుడు పెద్ద పనులు ఒప్పుకోవడం లేదు. ఇంటి వెనక చిన్న తొట్టిలో నూలు కట్టలు తడిపి తిప్పుతున్నాడు. కూతురిని చూసి, చేతులు పక్కనున్న గుడ్డకు తుడుచుకుని, తిన్నావా అని అడిగాడు. ఆమె తొట్టి గట్టు మీద కూర్చుని ఒక్క మాట దాచకుండా అంతా చెప్పింది. వదిన ఒప్పుకున్నది చెప్పింది, తాను చంద్రికకు చేసింది చెప్పింది. నీ పరువు తిరిగి తెచ్చానని చెప్పబోయి ఆగిపోయింది.

గంగులప్ప తొట్టిలోని నూలు కట్టను ఇంకోసారి తిప్పి గట్టు మీద పెట్టాడు.

"నువ్వు చేసినావని నేను ఎప్పుడనుకున్నాను?" అన్నాడు. "సన్న నూలు ఎంతసేపు ఉంచాల, ముతక నూలు ఎంతసేపు ఉంచాల అనేది ఈ తొట్టి కాడ ఆడుకుంటా నేర్చుకున్నావు. ఆ పని నీది కాదని ఫోన్లో చూడంగానే తెలుసు నాకు."

"మరి ఎందుకు నాయనా చేతులు జోడించినావు? ఆ ఇంటి ముందు అట్లా ఎందుకు నిలబడినావు?"

"ఆ ఫోన్లో అందరూ మాట్లాడతా ఉండారమ్మా. ఎవరు చేసినారు, ఎవరు చేయలేదు, అంతా అదే. ఆ బిడ్డ తల పట్టుకుని ఏడస్తా ఉంది. బిడ్డకు ఎట్లుండాదని ఒక్కరన్నా అడగలా. నువ్వూ అడగలా. మన ఇంటి పేరు దాంట్లో ఉండాది కాబట్టి నేను పోయి అడిగినాను. తప్పయిపోయింది తల్లీ అన్నాను. అంతే."

ఆయనకు అందులో అవమానం ఏమీ తోచలేదట. దిల్షాద్ బీ ఆయన్ను లోపల కూర్చోబెట్టి టీ ఇచ్చిందట. పోయేటప్పుడు బస్టాండు దాకా కొడుకును తోడు పంపిందట.

ఉదయలక్ష్మి మెట్ల మీద నుంచి చూసింది గడప ముందు చేతులు జోడించడం వరకే. ఆ తర్వాత ఇంట్లోకి పరిగెత్తి తలుపు వేసుకుంది. తలుపు వెనక మూడేళ్ళు పెంచుకున్న పగకు పునాది ఆ సగం చూసిన దృశ్యమే. ఈ మూడేళ్ళలో రుహీ గాయం మానిందో లేదో ఒక్కసారి కూడా తాను అడగలేదు. ఆ వీధిలో రోజూ నడుస్తూ కూడా అడగలేదు. తన నాయన జోడించిన చేతులు తప్ప ఆ పిల్ల తల ఆమెకు ఎన్నడూ గుర్తు రాలేదు. ఆమె మోకాళ్ళ మీద తల పెట్టుకుని ఏడ్చింది. గంగులప్ప తడి చెయ్యి ఆమె తల మీద పెట్టబోయి, రంగు అంటుతుందని మోచేత్తో భుజం తట్టాడు.

"వాళ్ళను ఈడికి తీసుకురావద్దు. నాకు ఎవరూ ఏమీ చెప్పనక్కర్లేదు. ఆ బిడ్డల కాడికి పో" అన్నాడు.

సాయంత్రం తిరుపతికి తిరిగి వచ్చి ఉదయలక్ష్మి పైకి వెళ్ళలేదు. నేరుగా కింద వెనక గది తలుపు తట్టింది. ప్రసన్న తీసింది. కళ్ళు ఉబ్బి ఉన్నాయి. నేను చేసింది నువ్వు చేసినదాని కంటే పెద్దది వదినా, అని మాత్రం చెప్పగలిగింది. ప్రసన్న, నేను నేర్పిన విద్యే కదా అంది. దెప్పిపొడుపో, బాధో తెలియని మాట. తర్వాత చెప్పులు వేసుకుని, పద, వీధి చివరికి పోదాం అంది. ఇద్దరూ పక్కపక్కన నడవడం చూసి ఎదురింటి వాళ్ళు వాకిట్లోకి వచ్చారు.

దిల్షాద్ బీ కుట్టు మిషను ఆపి విన్నది. ప్రసన్న ఏడుస్తూ చెప్పింది, కానీ దాచకుండా చెప్పింది. అంతా అయ్యాక దిల్షాద్ బీ, మూడేళ్ళు నా కళ్ళెదురుగానే షాపు తెరిచి మూసినావు, ఈ పొద్దుకు గుర్తొచ్చిందా అంది. మాఫ్ చేసినానని ఇప్పుడే చెప్పలేను, నా బిడ్డనే అడగండి అంది.

రుహీ లోపలి నుంచి వచ్చింది. జుట్టు మళ్ళీ దట్టంగా పెరిగింది. ఒక్క నడినెత్తిన మాత్రం కొంచెం మేర రాలేదు. దాన్ని కప్పేలా పాపిట పక్కకు తీసుకుంటోంది. ఉదయలక్ష్మి దగ్గరికి పోయి, ఇప్పుడెట్లుండాది తల్లీ అని అడిగింది. ఆ పిల్ల కాసేపు తటపటాయించి, పాపిట తీసి చూపించింది. ఎండలో పోతే ఇంకా మండుతుందని చెప్పింది. ఈ మాట ఆ అమ్మాయి ఎన్నాళ్ళుగా ఎవరికైనా చెప్పాలనుకుందో గానీ, చెప్పడం మొదలుపెట్టాక ఆపలేదు. ఇద్దరు ఆడవాళ్ళూ నిలబడి మొత్తం విన్నారు.

కొండకు పోయి మొక్కని చెప్పడానికి చంద్రిక ఒప్పుకోలేదు. స్వామి పేరుతో మొదలయ్యే అబద్ధంతో కాపురం మొదలుపెట్టనంది. నాయుడుపేటకు తానే ఫోను చేసి, రంగు వేయబోయి జుట్టు పాడైందని చెప్పింది. నిశ్చితార్థం రోజు పెళ్ళికొడుకు నాయనమ్మ ఆ పొట్టి జుట్టును ఎగాదిగా చూసి, టైఫాయిడ్ వచ్చిందా తల్లీ అని అడిగింది. లేదవ్వా, మా ఇంట్లో ఇద్దరు పార్లరు వాళ్ళు ఉన్నారు అంది చంద్రిక. ముసలమ్మ అర్థం కాకపోయినా నవ్వింది. పూలు నిలవడం లేదని ఉదయలక్ష్మి మల్లెల్ని నాలుగు వరసలు చేసి పిన్నులతో గుచ్చింది. ఆ పని చేస్తున్నంతసేపూ చంద్రిక ఆమెతో మాట్లాడలేదు, వద్దని కూడా అనలేదు.

వచ్చినవాళ్ళు వెళ్ళిపోయాక ఉదయలక్ష్మి వరండాలో ఆ పిల్ల ఎదురుగా కూర్చుంది. ఎట్లా చెప్పాలో ఎన్నో రకాలుగా ఆలోచించుకుంది గానీ, నోటికి వచ్చింది ఒక్కటే.

"తప్పు చేసినాను చంద్రికా. మీ అమ్మ మీద కోపంతో నిన్ను పారేసుకున్నాను."

చంద్రిక తలలోని పిన్నులు ఒక్కొక్కటే తీస్తూ ఉంది. కాసేపటికి తల కిందికి వంచి, మిగిలినవి తీయమన్నట్టు అత్త వైపు జరిగింది.

"నాకు కోపం పోలేదత్తా. ఎప్పుడు పోతాదో నాకే తెలీదు" అంది. "పొయ్యేదాకా నిన్ను తిడతాను, నీతో కొట్లాడతాను. మెట్ల మీద ఎదురైతే మొహం మాత్రం తిప్పుకోను. మీరిద్దరూ మూడేళ్ళు చేసిన పని నేను చేయను."

ఉదయలక్ష్మి సరేనన్నట్టు తల ఊపింది. కళ్ళు మసకబారి చేతికి పిన్ను దొరకలేదు. కింద నుంచి ప్రసన్న, అన్నాలు వడ్డిస్తున్నాను, ఇద్దరూ రండి అని పిలిచింది. ఎవరిని పిలిచిందో అని ఉదయలక్ష్మి ఒక్క క్షణం సందేహించింది. తర్వాత, వస్తా ఉండాము వదినా అని బదులు చెప్పింది.